బండి గుర్తు తెల్వదట, పైసలు మాత్రం గుర్తున్నయట!



ఖమ్మం నుంచి కొత్తగూడెం, పాల్వంచ మీదుగా భద్రాచలం దాకా, అక్కడ నుంచి దుమ్ముగూడెం, చర్ల అడవి అంచుదాకా రోడ్డు పొడుగునా చూడండి. రోడ్డు పక్కన బతికేది ఎవరు? మాలపల్లె, మాదిగవాడ, కోయగూడెం. పొద్దున్నే సద్దిగిన్నె పట్టుకొని రోడ్డు వార నడిచేది ఎవరు? మిర్చి ఏరడానికి ట్రాలీ ఆటోలో కిక్కిరిసి పోయేది ఎవరు? మరి ఆ రోడ్డుమీద ఉరికే బండ్లు ఎవరివి? గోదావరి ర్యాంపుల నుంచి హైదరాబాదుకు ఇసుక మోసే లారీలు, మణుగూరు గనుల బొగ్గు టిప్పర్లు, సారపాక కాగితం మిల్లుకు కర్ర తోలే లారీలు, ఖమ్మం గ్రానైటు రాళ్ల బండ్లు. లాభం మోసుకుపోయే బండి ఒకడిది, దాని కింద పడే ప్రాణం ఇంకొకడిది.

కానీ ఈసారి మేం రోడ్ల గురించి రాయట్లేదు. చచ్చినోని పేరు మీద ఇచ్చిన పైసల్ని మళ్లీ గుంజుకోవడానికి సర్కారు చట్టంలో దాచిపెట్టుకున్న ఒక ముక్క గురించి రాస్తున్నం. మోటారు వాహనాల చట్టంలో అది 163వ సెక్షను. 2022 ఏప్రిల్ 1కి ముందు ఇదే ముక్క 162వ సెక్షనుగా ఉండేది. నంబరు మారింది గానీ కోర మారలేదు.

ముందు 161వ సెక్షను సంగతి తెలుసుకోవాలె. గుద్దిన బండి ఏదో ఎంత వెతికినా దొరకకపోతే, చచ్చినోని కుటుంబానికి రెండు లక్షలు, పెద్ద గాయమైనోళ్లకు యాభై వేలు ఇవ్వాలని అది చెబుతది. ఈ లెక్క 2022 ఏప్రిల్ నుంచి వచ్చింది. అంతకుముందు ఎంతనుకున్నరు? 1982లో మొదలుపెట్టినప్పుడు ప్రాణానికి ఐదు వేలు. 1988 చట్టంలో ఎనిమిదిన్నర వేలు. 1994లో ఇరవై ఐదు వేలు చేసి, అక్కడే ఆపిండ్రు. ఇరవై ఏడేళ్లు దాటినా అదే ఇరవై ఐదు వేలు! బియ్యం ధర పెరిగింది, డీజిలు ధర పెరిగింది, ఎమ్మెల్యేల జీతాలు ఎన్నిసార్లో పెరిగినయి. రోడ్డుమీద పడ్డ కూలోని శవం ధర ఒక్కటే పెరగలేదు.

ఇప్పుడు 163 ఏమంటదో చూడండి. ఆ డబ్బు తీసుకున్న కుటుంబానికి అదే చావు కింద ఇంకో చట్టం ద్వారా గానీ, ఇంకే దారిన గానీ పరిహారమో, పరిహారానికి బదులుగా ఏదైనా సొమ్మో ముట్టితే, ఇచ్చిన మేరకు తిరిగి ఇన్సూరెన్సు సంస్థకు కట్టాలంటది. "ఇంకే దారిన గానీ" అన్న ఆ మాట దగ్గర ఆగండి. కోర్టు ఇప్పించిన సొమ్ము ఒక్కటే కాదు, చెట్టు కింద పెద్దమనుషులు చేతిలో పెట్టిన సొమ్మును కూడా ఆ మాటలోకి లాగవచ్చు. దరఖాస్తుతోపాటే, అట్ల ముట్టితే తిరిగి కడతనని ఒక హామీ కాగితం రాయించుకుంటరు. మొగుడు పోయి నెల తిరగని ఆడమనిషి ఆ కాగితం చదివే సంతకం పెడుతున్నదా?

పైకి వింటే న్యాయంగానే ఉంటది. ఒక చావుకు రెండుసార్లు పైసలెందుకు అని ఎవరైనా అంటరు. మాతోనూ అన్నరు. చదువుకున్న మన పిల్లలే అన్నరు. అందుకే అసలు కథ కాగితం మీద ఎట్ల నడుస్తదో, వాడలో ఎట్ల నడుస్తదో పక్కపక్కన పెట్టి చూపించాలె.

రాత్రి తొమ్మిదింటికి కూలి నుంచి వచ్చే మనిషిని లారీ గుద్దుతది. చూసినోళ్లు ఉంటరు. కిరాణా కొట్టు వాడు చూస్తడు, ఆటోవాడు చూస్తడు. లారీ ఏ ర్యాంపుదో, ఏ కాంట్రాక్టరుదో తెల్లారేసరికి వాడంతటికీ తెలుస్తది. శవం ఇంకా మార్చురీలోనే ఉంటది. పోస్టుమార్టం కాలేదు, పంచనామా కాలేదు. అప్పుడే ఒక తెల్లచొక్కా దిగుతది. లారీ ఓనరు రాడు, ఎప్పుడూ రాడు. ఆయన తరఫున మన మండలంలోనే అన్ని పార్టీల జెండాలూ మోసిన ఒక పెద్దమనిషి వస్తడు. "అయిపోయిందేదో అయిపోయింది. కోర్టు చుట్టూ ఏం తిరుగుతవమ్మా, ఏండ్లు పడతది. దినాలకు ఖర్చుంటది గదా" అంటడు. బేరం మొదలైతది. శవం పక్కన బేరం! ముప్పై వేలతో మొదలై అరవైకో ఎనభైకో ఆగుతది. అందులోంచి పెద్దమనిషి చెయ్యి తడుపుకోవడం వేరే. ఒక స్టాంపు కాగితం మీద "నాకు ఎవరి మీదా ఏ అభ్యంతరమూ లేదు, ఇకముందు ఏ కేసూ వెయ్యను" అని రాసి ఆమె వేలిముద్ర తీసుకుంటరు. ఆ కాగితం నకలు ఆమెకు ఇవ్వరు.

ఆ తర్వాత జరిగేదే అసలు మాయ. ఫిర్యాదులో బండి నంబరు ఉండదు. ఎఫ్ఐఆర్‌లో "గుర్తు తెలియని వాహనం ఢీకొని" అన్న నాలుగు మాటలు ఎక్కుతయి. ఆ నాలుగు మాటల విలువ ఎంతో తెలుసా? డ్రైవరు మీద కేసు లేదు. బండి సీజు లేదు. ఓనరుకు కోర్టు నోటీసు లేదు. ఇన్సూరెన్సు కంపెనీ లక్షలకు లక్షలు కట్టే పని లేదు. ఇన్ని లాభాలు ఎనభై వేలకు కొనుక్కున్నడు! పోతూ పోతూ ఆ పెద్దమనిషే ధర్మం చెబుతడు: "బండి దొరకలేదని రాయించినం గదా, సర్కారు రెండు లక్షలు ఇస్తది, దరఖాస్తు పెట్టుకో తల్లీ." అంటే ఓనరు ఇవ్వాల్సింది సర్కారు ఖాతాలో వేసి పోయిండు. ఇప్పుడా తల్లి మెడకు రెండు వైపులా తాడు. దరఖాస్తు పెడితే, ఎనభై వేలు తీసుకున్న సంగతి ఎవడో ఒకడు ఆఫీసులో ఊదుతడు. తీసుకున్నది కట్టుమని ఆమెనే అడుగుతరు. పెట్టకపోతే ఆ ఎనభై వేలతోనే సరి.

మేం ఇట్లాంటి ఇండ్లల్లో కూర్చొని లెక్కలు చూసినం. ఒక ఇంట్లో చేతికందిన డబ్బు డెబ్బై వేలు. శవాన్ని తెచ్చిన బండికి, చావు ఖర్చులకు, పెద్దదినానికి, అంతకుముందే ఉన్న మేస్త్రి అప్పుకు పోగా మూడో నెలకు ఆమె దగ్గర మిగిలింది రేషను బియ్యం. ఆమెను ఒక ఆఫీసులో నిలబెట్టి, "అప్పుడు తీసుకున్నవు గదా, అవి తెచ్చి కడితే ఫైలు కదులుతది" అన్నరు. రాతలో కాదు, నోటితో. రాతలో పెడితే మేం సవాలు చేసేటోళ్లం. అందుకే నోటితో.

ఇప్పుడు మేం అడుగుతున్నం. బండి గుర్తు తెలియదని రాసిందెవరు? పోలీసు రికార్డు. ఆ బండి వాడి దగ్గర ఈమె పైసలు తీసుకుందని పట్టుకున్నదెవరు? రెవెన్యూ రికార్డు. రెండూ సర్కారువే గదా! బండి ఎవరిదో తెలియనప్పుడు పైసలిచ్చిందెవరో ఎట్ల తెలిసింది? పైసలిచ్చినోడు తెలిసినప్పుడు, వాడి బండి నంబరు ఎందుకు తెలియలేదు? ఆ ఎనభై వేలు నిజమైతే మొట్టమొదలు నోటీసు పోవాల్సింది లారీ ఓనరుకు. రెండో నోటీసు పోవాల్సింది నంబరు రాయని స్టేషనుకు. మీ నోటీసు మాత్రం దారి తప్పి వాడలోకే ఎందుకొస్తది?

పైగా ఈ రోడ్డుమీద బండి దొరకకపోవడమంటే నవ్వొస్తది. ఇసుక లారీకి వే బిల్లు ఉంటది, ఏ ర్యాంపులో ఎన్ని గంటలకు లోడయిందో ఉంటది. బొగ్గు టిప్పరుకు కాటా చీటీ ఉంటది. మిల్లుకు పోయే కర్ర లారీకి గేటు దగ్గర రాత ఉంటది. అడవి దారిలో ఫారెస్టు చెక్‌పోస్టు ఉంటది. ఆదివాసీ అక్క నెత్తి మీద కట్టెలమోపు ఎత్తుకొస్తే చీకట్లో కూడా ఫారెస్టోళ్ల కండ్లకు కనబడతది. పన్నెండు టైర్ల లారీ కనబడదు! "ఎంత వెతికినా" అని చట్టం రాసింది. ఎంత వెతికిండ్రు? ఏ చెక్‌పోస్టు పుస్తకం తిరగేసిండ్రు? దర్యాప్తు డైరీ చూపించండి, మేం చదువుతం. చదవడం మా తాతలకు రాదు గానీ మాకు వచ్చు.

ఒక చావుకు రెండుసార్లు పైసలా అన్న ప్రశ్నకు ఇప్పుడు జవాబు చెబుదాం. అసలు ఒక్కసారన్నా పూర్తిగా ఇచ్చిండ్రా?

లెక్క వేద్దాం. 32 ఏండ్ల కూలి మనిషి. నెలకు పదివేలు సంపాదన అనుకోండి. భార్య, ఇద్దరు పిల్లలు, ముసలి తల్లి, నలుగురు ఆయన మీద ఆధారం. సుప్రీంకోర్టు 2009లో సరళా వర్మ కేసులో, 2017లో ప్రణయ్ సేథీ కేసులో లెక్క కట్టే పద్ధతి చెప్పింది. నలభై ఏండ్ల లోపు మనిషి కాబట్టి ముందుముందు పెరిగే సంపాదన కింద 40 శాతం కలపాలె, 14 వేలు అయితది. తన సొంత ఖర్చు కింద నాలుగో వంతు తీసెయ్యాలె, 10,500 మిగులుతది. ఏడాదికి 1,26,000. ఆ వయసుకు 16తో గుణించాలె. మొత్తం 20 లక్షల 16 వేలు. అంత్యక్రియల ఖర్చు, తోడు పోయినందుకు ఇచ్చేది దీనికి వేరే. మన మనిషి ప్రాణానికి చట్టం లెక్క ప్రకారమే ఇరవై లక్షలు. పెద్దమనిషి ఇప్పించింది ఎనభై వేలు. ఇరవై లక్షల బాకీలో ఎనభై వేలు ముట్టినోళ్లను చూసి, "రెండుసార్లు తింటున్నరు" అంటున్నది ఈ వ్యవస్థ! ఆడమనిషి చచ్చిపోతే ఇంకా అన్యాయం. "ఇంట్లో ఉండేదే గదా" అని బేరం సగానికి కొడతరు. ఇంటిపనికీ విలువ కట్టాల్సిందేనని 2021 జనవరిలో సుప్రీంకోర్టు చెప్పిన సంగతి ఆ పెద్దమనిషికి ఎవరు చెప్పాలె?

అందుకే మేమనేది ఇది. చావు ఖర్చులకని, నోరు మూయడానికని ఇచ్చింది పరిహారం కాదు. న్యాయమైన పరిహారం ఎంతో తేల్చే పని చట్టం క్లెయిమ్స్ ట్రిబ్యునల్‌కు అప్పజెప్పింది, పెద్దమనిషికి కాదు. ట్రిబ్యునల్ రికార్డులోకి రాని ఏ సొమ్మునూ పరిహారం అనరాదు, దాన్ని చూపి ఒక్క రూపాయీ వసూలు చెయ్యరాదు. 163లోనే రెండో భాగం ఉంది, చూడండి. ట్రిబ్యునల్ తీర్పు ఇచ్చేటప్పుడు, 161 కింద ముందే డబ్బు ముట్టి ఉంటే, ఆ మేరకు తిరిగి కట్టుమని పరిహారం ఇవ్వాల్సినోనికి చెప్పాలె. అంటే కోర్టు దారిలో తిరిగి కట్టే చెయ్యి బాకీదారుది. చెట్టుకింద పంచాయితీ దారిలో మాత్రం తిరిగి కట్టే చెయ్యి విధవరాలిది! ఒకే సెక్షనులో ఇన్ని చేతులెందుకు?

ఈ ప్రైవేటు కాగితానికి ఇంకో ముఖం కూడా ఉంది. అది మన ఆటోవాలాలకు తెలుసు. మనవాడే అప్పు చేసి ట్రాలీ ఆటో కొంటడు. ఇన్సూరెన్సు గడువు దాటిపోయి ఉంటది, లేదా సామాను బండిలో కూలోళ్లను ఎక్కించుకుంటడు. ప్రమాదమైతది. సామాను బండిలో ఊరికే ఎక్కినోళ్లకు ఇన్సూరెన్సు కంపెనీ కట్టాల్సిన పని లేదని సుప్రీంకోర్టు ఆశారాణి కేసులో ఎప్పుడో చెప్పింది. మనవాడు పెద్దమనుషుల ముందర లక్ష కట్టి రాజీ అయిపోయిందనుకుంటడు. రెండేండ్లకు ట్రిబ్యునల్ తీర్పొస్తది. 174వ సెక్షను కింద కలెక్టరు ద్వారా భూమిశిస్తు బకాయి లెక్కన జప్తుకొస్తరు. కట్టిన లక్షకు రికార్డు లేదు కాబట్టి లెక్కలోకి రాకుండా పోయే ప్రమాదం ఉంటది. చూసిండ్రా? పేదోడు పైసలు ఇస్తే ఆ కాగితానికి విలువ లేదు. పేదరాలు పైసలు తీసుకుంటే అదే కాగితం వేదం!

ఇది మోటారు బండ్ల చట్టం ఒక్కదానికే పట్టిన రోగం కాదు. 2022 జూలైలో అలహాబాదు హైకోర్టు, ఎస్సీ ఎస్టీ అత్యాచారాల చట్టం కింద సర్కారు ఇచ్చిన సాయం తీసుకొని బాధితులు రాజీ పడుతున్నరని, అట్ల రాజీపడితే ఆ డబ్బు వాళ్ల దగ్గర వసూలు చేసుకోవచ్చని అన్నది. దళితుడు రాజీకి ఎందుకొచ్చిండు? కూలి ఆపిండ్రా? పాలు, నీళ్లు బందు పెట్టిండ్రా? పొలం మీదికి రానియ్యలేదా? ఆ ప్రశ్న పక్కకు పోయి, పైసల ప్రశ్న ముందుకొచ్చింది. కారంచేడు, చుండూరు చూసినోళ్లం మనం. రాజీ అన్న మాట వెనక ఎంత బలవంతం ఉంటదో మనకు కొత్తగా ఎవరూ చెప్పనక్కర్లేదు. రాజీ అంటే సమానుల మధ్య జరిగేది. లారీలున్నోడికీ చెప్పుల్లేనోడికీ మధ్య జరిగేది రాజీ కాదు.

సర్కారు ఖజానా ఖాళీ అయిపోతున్నదని బెంగపడేటోళ్లకు కొన్ని అంకెలు. ఎస్. రాజశేఖరన్ వేసిన కేసులో 2024 జనవరి 12న సుప్రీంకోర్టు ఇచ్చిన ఉత్తర్వులోవే ఇవి. 2022లో దేశంలో గుద్ది పారిపోయిన ప్రమాదాలు 67,387. 2022-23లో వచ్చిన దరఖాస్తులు 205. అందులో తేల్చినవి 95. ఐదేండ్లలో దేశం మొత్తం మీద 660 మరణాలకు, 113 గాయాలకు కలిపి ఇచ్చింది ఒక కోటి 84 లక్షల 60 వేలు. మూడు వందల పైచిలుకు ప్రమాదాలకు ఒక్క దరఖాస్తు! ఈ పథకం సంగతే జనానికి తెలియదు, తెలియజేసేటోళ్లు లేరు. తెలుసుకున్న ఆ ఒక్కరికీ మొదట చేతిలో పెట్టేది తిరిగి కడతనన్న హామీ కాగితం.

ఆ ఉత్తర్వులోనే మనకు పనికొచ్చే మాట ఒకటి ఉంది. నెలరోజుల్లో బండి వివరం దొరకకపోతే, 161 కింద పరిహారం అడగొచ్చని బాధితులకు పోలీసులే రాతపూర్వకంగా చెప్పాలె. ఎవరికి దరఖాస్తు పెట్టాలో ఆ అధికారి వివరం ఇవ్వాలె. మన స్టేషన్లలో ఎన్ని ఇండ్లకు అట్లాంటి కాగితం ఇచ్చిండ్రు? సంఘాల వాళ్లు ఊరూరా అడిగి రాసుకోవాలె.

గుద్ది పారిపోయినోనికి పదేండ్ల దాకా శిక్ష వెయ్యొచ్చని కొత్త న్యాయ సంహితలో 106వ సెక్షను రెండో భాగం పెట్టిండ్రు. 2024 జనవరి మొదట్లో లారీలు ఆగినయి, పెట్రోలు బంకుల ముందు బారులు తీరినయి. కేంద్రం దిగొచ్చింది. 2024 జూలై 1న సంహిత అమల్లోకి వచ్చినప్పుడు ఆ ఒక్క భాగాన్ని పక్కన పెట్టింది. డ్రైవరును పదేండ్లు లోపలెయ్యమని మేం అడగట్లేదు. స్టీరింగు ముందు కూర్చునేది చాలాసార్లు మన పిల్లగాడే, ట్రిప్పు లెక్కన నిద్ర లేకుండా తోలించేది ఓనరు. మేం చూపిస్తున్నది వేరే. రెండు రోజులు బండ్లు ఆపితే చట్టంలో ముక్క ఆగింది. మనకాడ ఆపడానికి లారీలు లేవు. అందుకే 163 ఇన్నేండ్లుగా అట్లనే ఉన్నది.

సరే, ఇప్పుడు చెయ్యాల్సింది. సంఘాల వాళ్లు దీన్ని వాడలో చదివి వినిపించండి.

శవం మార్చురీలో ఉండగా ఎవరు ఏ కాగితం తెచ్చినా వేలిముద్ర వెయ్యొద్దు. దినాలకు డబ్బు కావాలె, నిజమే. ఆకలికి తత్వాలు చెప్పం. ఎవడైనా ఇస్తే తీసుకునే పరిస్థితి ఉంటది. కానీ "చావు ఖర్చుల నిమిత్తం ముట్టినది" అని మాత్రమే రాయించండి. ఎంత, ఏ తేదీన, ఎవరి చేతి మీదుగా అన్నది రాసి, నకలు తీసుకోండి. పరిహారం అన్న మాటా, కేసు వెయ్యను అన్న మాటా రాయనియ్యొద్దు.

ఫిర్యాదులో బండి నంబరు తెలిస్తే నంబరు రాయించండి. నంబరు పూర్తిగా తెలియకపోతే రంగు, లోడు, వచ్చిన దిక్కు, టైము రాయించండి. గుర్తు తెలిస్తే తెలియనట్టు రాయించొద్దు. పెద్దమనిషి ఎంత ఆశ చూపినా సరే. బండి దొరికితే దారి వేరే ఉంటది. తప్పు ఎవరిదని నిరూపించే పని లేకుండానే 164వ సెక్షను కింద చావుకు ఐదు లక్షలు, పెద్ద గాయానికి రెండున్నర లక్షలు అడగొచ్చు. లేదా 166 కింద పైన చెప్పిన లెక్క ప్రకారం పూర్తి పరిహారం అడగొచ్చు. గడువు ఆరు నెలలు. 1994లో ఎత్తేసిన ఆ గడువును 2022 నుంచి మళ్లీ తెచ్చిపెట్టిండ్రు. దాని మీద సుప్రీంకోర్టు దాకా సవాళ్లు పోయినయి గానీ, మీరు ఆరు నెలలే అనుకొని కదలండి.

ఎక్కడ కేసు వెయ్యాలన్న గొడవ మన సరిహద్దులో ఎక్కువ. 2014లో ముంపు మండలాలు ఆంధ్రకు పోయినంక, భద్రాచలం ఊరు దాటి నాలుగు అడుగులేస్తే ఎటపాక, రాష్ట్రం మారిపోతది. ప్రమాదం అటు, ఆసుపత్రి ఇటు, ఇల్లు ఇంకో దిక్కు. "మా హద్దు కాదు" అని ఇద్దరు ఎస్సైలు బంతాట ఆడతరు. ఎఫ్ఐఆర్ ఎక్కడ నమోదైనా సరే, పరిహారం కేసు మాత్రం బాధితులు నివసించే చోటి ట్రిబ్యునల్‌లోనే వేసుకునే హక్కు చట్టంలో ఉన్నది. ఛత్తీస్‌గఢ్ నుంచి వచ్చి అడవిలో గుడిసెలేసుకున్న గొత్తికోయలకు ఇది ఇంకా అవసరం. వాళ్ల చావులు చాలాసార్లు కాగితం మీదికే రావు.

వకీలు ఫీజు భయం వద్దు. 1987 న్యాయసేవల చట్టం 12వ సెక్షను ప్రకారం ఎస్సీ ఎస్టీలకు, ఏ కులమైనా ఆడవాళ్లకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలును పెట్టాలె. కొత్తగూడెంలో, ఖమ్మంలో జిల్లా న్యాయసేవాధికార సంస్థలు ఉన్నయి. రాజీ కావాలంటే ట్రిబ్యునల్ ముందరో, లోక్ అదాలత్‌లోనో రికార్డు మీద కావాలె. అయితే లోక్ అదాలత్‌లో ఒప్పుకున్నంక అప్పీలు ఉండదు. లెక్క వేసుకోకుండా అక్కడ కూడా తల ఊపొద్దు.

161 కింద దరఖాస్తు పెట్టినోళ్లు హామీ కాగితంలో అబద్ధం రాయొద్దు. ముట్టింది ఉంటే, చావు ఖర్చులకు ఇంత ముట్టింది, ఇది పరిహారం కాదు, పరిహారం మాకు ఎవరూ తేల్చలేదు అని రాయండి. తిరిగి కట్టుమని నోటితో అంటే కట్టొద్దు, రాతలో అడగండి. రాతలో ఇస్తే జవాబు మేం రాసిపెడతం. ఈ సొమ్ము క్లెయిమును తీర్చడానికి ఇచ్చింది కాదని, ట్రిబ్యునల్ తేల్చిన బాకీ లేదని, వాదన వినకుండా వసూలు చెయ్యడం సహజ న్యాయానికి విరుద్ధమని, ఇచ్చినోని బండి మీద దర్యాప్తు మళ్లీ తెరవాలని అందులో ఉంటది. అయినా వినకపోతే హైకోర్టులో రిట్టు వేద్దాం. అట్లాంటి ఒక్క నోటీసు రాతలో దొరికితే చాలు, 163లో "ఇంకే దారిన గానీ" అన్న మాటనే కోర్టులో నిలబెట్టి అడగొచ్చు.

కలెక్టరుకు ఇచ్చే అర్జీలో మూడు సంగతులు పెడుతున్నం. ప్రైవేటు కాగితాల మీద వసూళ్లు ఆపాలె. "గుర్తు తెలియని వాహనం" అని మూసిన కేసుల్లో వే బిల్లులు, చెక్‌పోస్టు పుస్తకాలు తెప్పించి మళ్లీ చూడాలె. నెలలోపు బాధితులకు రాతపూర్వకంగా చెప్పని స్టేషన్ల పేర్లు బయటపెట్టాలె. సోమవారం ప్రజావాణికి వచ్చే కుటుంబాలు ఎఫ్ఐఆర్ నకలు, పోస్టుమార్టం రిపోర్టు, రేషను కార్డు తెచ్చుకోండి. పెద్దమనిషి రాయించిన కాగితం ఎవరి దగ్గరన్నా ఉంటే, సిగ్గుపడి చింపెయ్యొద్దు, పొయ్యిలో వెయ్యొద్దు. అన్నిటికంటే ముందు ఆ కాగితాన్నే తీసుకురండి. దాని మీద సాక్షి సంతకాలు ఎవరివో చూడాలె.